మంథర వెనక మనిషి

అమెరికాలోని పిస్కాటవేలో మా పిల్లలకు ‘రామాయణం’ సీరియల్ చూపిస్తే ముందుగా జడుసుకునేది మంథరను చూసే. ఆ వేషం వేసిన లలితా పవార్ మూకీలనాడే తెరకెక్కిన నటి అని వాళ్లకేం తెలుసు! 1932లో ‘కైలాస్’ మూకీలో నటించడమే కాదు, నిర్మాణంలోనూ చెయ్యి వేశారు. టాకీలొచ్చాక తన పాటలు తానే పాడుకున్నారు.

1942లో షూటింగులో తగిలిన చెంపదెబ్బకు ముఖానికి పక్షవాతమొచ్చింది, ఎడమ కన్ను దెబ్బతింది. హీరోయిన్ వేషాలు పోయాయి. ఆమె ఆ కంటినే పనిముట్టు చేసుకున్నారు. గయ్యాళి అత్తగా దాన్ని చికిలించి చూస్తే చాలు, డైలాగు అక్కర్లేదు. అదంతా మూకీల్లో నేర్చిన విద్యేనని నా నమ్మకం.

1959లో ‘అనాడీ’. అదే కన్ను, అదే గద్దింపు. రాజ్‌కపూర్ మీద మాత్రం తల్లిప్రేమ. ఉత్తమ సహాయనటిగా ఫిలింఫేర్ అవార్డు దానికే. కసురుతున్న గొంతు కసురుతూనే ఉంటుంది, ముఖం మాత్రం మెత్తబడిపోతుంది.