పనస చెక్కలో కోయిల

చైత్రంలో నూజివీడు చుట్టుపక్కల ఏ మామిడి తోటలోనైనా తెల్లవారుజామున కాసేపు కూర్చోండి. కోయిల కూస్తుంది. ఆ కూతలో ఒక సంగతి గమనించాలి. కింద మొదలైన స్వరం పైకి మెట్టెక్కినట్టు ఎక్కదు, తెగకుండా సాగుతూ పోతుంది. మరుసటి కూత ఇంకాస్త పైనుంచి ఎత్తుకుంటుంది. ఆ సాగుడులోనే ఉంది కోయిలంతా. దాన్ని తీసేస్తే రెండు స్వరాలు మిగులుతాయి, పిట్ట ఎగిరిపోతుంది.

ఆ కూతను వీణ తీగ మీద పట్టి తెచ్చిన మనిషి చిట్టిబాబు. ‘కొమ్మలో కోయిల’ అని ఆయన కట్టిన రచన ఎంత ప్రసిద్ధమంటే, కీర్తన పేరు ఒక్కటీ తెలియని ఇళ్లలో కూడా అది వినిపించేది. మా ఇంట్లో రేడియోలో అది వచ్చినప్పుడు వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగిపోయేది. నేను వీణ గురించి తెలుసుకోవాలనుకున్నది ఆ నిశ్శబ్దం వల్లనే.

ఆయన 1936 అక్టోబరు 13న కాకినాడలో పుట్టారు. అయిదేళ్లప్పుడు తండ్రి వీణ వాయిస్తూ ఒకచోట తప్పితే పిల్లవాడే సరిదిద్దాడని చెబుతారు. పన్నెండో ఏట తొలి కచేరీ. మద్రాసు చేరాక ద్రాక్షారామం నుంచి వచ్చిన మహా వైణికుడు ఈమని శంకరశాస్త్రి దగ్గర శిష్యరికం. పొట్టకూటికి సినిమా వాద్యబృందాల్లో చాలాకాలం వాయించారు. 1964లో శ్రీధర్ తీసిన తమిళ సినిమా ‘కలైక్కోవిల్’ ఒక వైణికుడి కథ. అందులో మోగిన వీణ ఈయనదే. 1996 ఫిబ్రవరి 9న వెళ్లిపోయారు, అరవై నిండకుండానే.

ఇంతకీ ఆయన చేసిందేమిటి? పియానో పక్కన పెట్టి చూస్తే తేలిగ్గా అర్థమవుతుంది. పియానోలో ప్రతి స్వరానికీ దాని మీట ఉంది. రెండు మీటల మధ్య ఏమీ లేదు. అనేక స్వరాలను ఒక్కసారే మోగించి ఐరోపా స్వరకర్తలు ఆ వాద్యం మీద ఒక మహాప్రపంచం కట్టారు. వీణ దారి వేరు. దాని ప్రాణమంతా ఆ మధ్య ఖాళీలోనే ఉంది. కుడిచేతి చూపుడువేలు, నడిమివేలు తీగను మీటుతాయి, చిటికెనవేలు తాళపు తీగలను తాకుతుంది. ఎడమచేతి వేళ్లు మెట్టు మీద తీగను అదిమి పక్కకు లాగుతాయి. లాగేకొద్దీ స్వరం పైకి పోతుంది. చేయి తిరిగినవాళ్లు ఒకే మెట్టు మీద మూడు నాలుగు స్వరాలు పలికిస్తారు. గమకం అంటే అదే. మీటు ఒక్కటే, పలుకులు ఎన్నో. ఈమనివారి బాణీలో ఈ పొదుపుకు పెద్దపీట. ఊరికే మీటరు. ఒక్క మీటు వేసి, ఆ నాదం అడుగంటేదాకా దానితోనే పాడిస్తారు. చిట్టిబాబు దాన్ని ఇంకా మృదువుగా, ఇంకా దీర్ఘంగా సాగదీశారు. కోయిల అందుకే పలికింది.

ఇంకొక మాట. మన సంగీతంలో వాద్యానికంటూ వేరే సాహిత్యం, వేరే రచనలు తక్కువ. త్యాగయ్య కృతి గొంతుకు ఎంతో వీణకూ అంతే. చిట్టిబాబు కృతులను అంతే భక్తితో వాయిస్తూనే, వీణ కోసమే సొంతంగా రచనలు కట్టారు. ఇది శాస్త్రీయమా, తేలికపాటిదా అని పెదవి విరిచినవాళ్లు లేకపోలేదు. నా మటుకు నేను ఆ విమర్శను ఒప్పుకోను. కోయిల కూతను తీగ లాగుతూ స్థానం తప్పకుండా పలికించాలంటే ఎన్నేళ్ల సాధన కావాలో వీణ పట్టినవాళ్లకు తెలుసు.

అయితే వేలు ఎంత లాగినా, చెక్క మంచిది కాకపోతే నాదం నిలవదు. రసాల ఊరు నూజివీడుకు ఉన్న రెండో పేరు ఇక్కడ చెప్పాలి. బొబ్బిలి వీణకు వచ్చినంత ప్రచారం దీనికి రాలేదు కానీ, ఇక్కడ తరతరాలుగా వీణలు చేస్తున్నారు. ఆ పని పట్టి నిలిపింది ముస్లిం హస్తకళాకారులు. సరస్వతీదేవి చేతిలోని వాద్యానికి వాళ్లు ప్రాణం పోస్తున్నారు.

కావలసింది పనస చెక్క. తేలిక, పురుగు త్వరగా పట్టదు, నాదం నిలుపుతుంది. బాగా ఆరిన దుంగను తొలిచి నాదం మోగే కుండ, మెట్లు నిలిచే దండి చేస్తారు. ఒకే మానులోంచి మొత్తం తీస్తే అది ఏకాండి వీణ. చివర యాళి ముఖం, దండి కింద సొరకాయ బుర్ర, నాలుగు వాయించే తీగలు, మూడు తాళపు తీగలు.

అన్నిటికన్నా కష్టం మెట్లు కట్టడం. మెట్లు 24. వాటిని మేకులతో బిగించరు. తేనెమైనంలో బొగ్గుపొడి కలిపి దండి మీద గట్టులా పోసి, అందులో కుదురుస్తారు. నేను చూసినప్పుడు ఒక పెద్దాయన మెట్టును వేలితో వెంట్రుకవాసి జరిపి, తీగ మీటి, కళ్లు మూసుకుని విన్నాడు. మళ్లీ జరిపాడు. మళ్లీ విన్నాడు. ఒక్క గాంధారం కోసం పావుగంట. పక్కన ఏ యంత్రమూ లేదు, చెవి ఒక్కటే. “ఎండాకాలం మైనం మెత్తబడుద్దండి. మెట్టు కదిలితే రాగం కదిలిపోద్ది,” అన్నాడు. తోటల్లో రసాన్ని పండించే ఎండే ఇక్కడ మెట్టును కదిలిస్తుంది.

పియానోను శ్రుతి చేసినవాడు వెళ్లిపోతే, ఆ స్వరాలను వాయించేవాడు మార్చలేడు. వీణలో మాత్రం చేసినవాడి చెవి, వాయించేవాడి వేలు ఒకే తీగ మీద కలుస్తాయి. మెట్టు ఒక్కటి పక్కకు జరిగి ఉంటే, చిట్టిబాబు అంతటివాడైనా లాగిన ప్రతిసారీ దాన్ని దిద్దుకుంటూ వాయించాలి. కచేరీ కరపత్రంలో ఒకరి పేరే ఉంటుంది. రెండోవారి పేరూ వేయాలని నేను చాలాకాలంగా అడుగుతున్నాను.

ఈ వేసవిలో రసాల కోసం నూజివీడు వస్తే, బుట్ట కారులో పెట్టించాక ఒక పూట ఆగండి. వీణలు చేసే ఇల్లు అడిగితే ఎవరైనా చూపిస్తారు. పిల్లల్ని వెంట తీసుకెళ్లండి. ఒక్క తీగ మీటనివ్వండి.