ఎస్. వి. రంగారావు చిత్రములు: తారతమ్య విచారము

ఒక కవి కృతులలో ఏది మిన్న యను విచారము మన విమర్శకు క్రొత్తది కాదు. శ్రీనాథుని కావ్యములలో శృంగారనైషధమునకు పెద్దపీట వేయవలెనా, కాశీఖండమునకు వేయవలెనా యని వాదించుట సాహిత్య విద్యార్థులకు అలవాటే. నటుని విషయమున అట్టి విచారమును మాత్రము సినిమా పత్రికలకును, హోటళ్లలోని సంభాషణలకును విడిచిపెట్టినాము. చలనచిత్రమున నటుని పని అతనిదొక్కనిదే కాదనియు, రచయిత మాటయు, దర్శకుని దృష్టియు, ఛాయాగ్రాహకుని వెలుగునీడలును, నేపథ్యగాయకుని కంఠమును దానిలో కలిసియుండుననియు చెప్పుదురు. నిజమే. కాని కవియు పురాణకథను, పూర్వకవుల మార్గమును, ఛందస్సును తీసికొనియే కదా వ్రాయుచున్నాడు? కొలబద్ద ఏదియో ముందుగా చెప్పినచో నటుని కృషికిని తరతమములను నిర్ణయింపవచ్చును. కొలబద్ద చెప్పక వరుససంఖ్యలు వేయుట విమర్శ కాదు. అభిరుచి ప్రకటనము మాత్రమే.

కరీంనగరమునుండి ఈ విచారమునకు పూనుకొన్నప్పుడు మొదట గుర్తునకు రావలసిన నటుడు పైడి జైరాజ్. ఆయన 1909లో కరీంనగరమున జన్మించి, బొంబాయి చేరి, మూకీచిత్రముల కాలముననే నాయకుడై, హిందీ తెరపై దశాబ్దములపాటు నిలిచి, 1980వ సంవత్సరపు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారమును పొందిరి. కాని ఆ కాలపు భారతీయ మూకీచిత్రములలో అధికభాగము నశించినది. చూడని కృతికి స్థానము నిర్ణయించుట విమర్శకునకు తగదు. అదిగాక ఆయన కీర్తి వేరొక భాషలో వికసించినది; ఆ వాచికమును తూచుటకు తెలుగు చెవి ఒక్కటి చాలదు. అందుచేత ఈ ప్రాంతపు ప్రేక్షకులు తమ భాషలో విని, మూడు తరములుగా తమవానిగా చెప్పుకొనుచున్న ఎస్. వి. రంగారావును ఈ వ్యాసమునకు విషయముగ గ్రహించితిమి.

సామర్ల వెంకట రంగారావు 1918 జూలై 3న నూజివీడులో జన్మించి, 1974 జూలై 18న మద్రాసులో మరణించిరి. ‘వరూధిని’తో తెరకు వచ్చి, 1950లో ‘షావుకారు’లోని సున్నం రంగడు పాత్రతో ప్రేక్షకుల దృష్టి నాకర్షించిరి. అటుపిమ్మట రౌడీగా, మాంత్రికుడుగా, జమీందారుగా, అక్బరు పాదుషాగా, కంసునిగా, హిరణ్యకశిపునిగా, ఇంటిపెద్దగా ఆయన ధరింపని వేషము అరుదు. ‘చదరంగం’ (1967), ‘బాంధవ్యాలు’ (1968) చిత్రములకు దర్శకత్వమును వహించిరి. అయితే బహుముఖత్వమనగా వేషముల సంఖ్య కాదు. నూరు వేషములలో ఒకే మనిషి కనబడినచో అది నూరుమార్లు చెప్పిన ఒకే మాట యగును.

నాట్యశాస్త్రము అభినయమును ఆంగికము, వాచికము, ఆహార్యము, సాత్త్వికము అని నాలుగు విధములుగ విభజించినది. ఈ వ్యాసకర్త మొదట ఏర్పరచుకొన్న కొలబద్ద ఇది: కిరీటము, గద, గడ్డము మొదలైన ఆహార్యమును తీసివేసిన పిమ్మట ఎంత నటన మిగులునో అంత ఉత్తమము. దాని ప్రకారము మొదటి స్థానము ‘బంగారుపాప’కు, రెండవది ‘మిస్సమ్మ’కు, తరువాతివి క్రమముగ ‘నర్తనశాల’, ‘పాతాళభైరవి’, ‘మాయాబజార్’లకు దక్కినవి. ఈ పట్టికను తరగతిలో వినిపించినప్పుడు, చిందుమేళపు కుటుంబమున పుట్టిపెరిగిన ఒక పరిశోధక విద్యార్థి లేచి, “సార్, కిరీటం తీసేస్తె మిగిలేదే నటన అయితే, బతుకంత కిరీటం మోసిన మా తాత చేసింది ఏంది?” అని అడిగినాడు. అప్పుడు నాకు సమాధానము దొరకలేదు. ఆ ప్రశ్నకు ఆలస్యముగ వ్రాసిన సమాధానమే ఈ వ్యాసము.

పూర్వపు కరీంనగర్, ఆదిలాబాదు జిల్లాలలో అభినయమునకు ఆహార్యము పైపూత కాదు. చిందు భాగవతులు చెక్క కిరీటములును భుజకీర్తులును ధరించి, ముఖమునకు రంగు వేసికొని, రాత్రియంతయు ఆడుదురు. ఆ బరువుతో మెడ త్రిప్పుటయే ఒక విద్య. దీపావళి దినములలో రాజగోండులు జరుపు దండారిలో నెమలియీకల టోపీ ధరించిన గుస్సాడీని ఊరివారు తమతోడి మనిషిగ చూడరు. దేవత ఆవహించినవానిగ చూతురు. దీనికి భిన్నముగ, మిద్దె రాములు వంటి ఒగ్గుకథకుడు వేషము మార్చకయే క్షణములో మల్లన్నయు, మరుక్షణములో ఆడుబిడ్డయు కాగలడు. ఆహార్యమును మోయుటయు, ఆహార్యము లేకయే పాత్రమగుటయు—రెండును ఇచ్చట నటనగనే గౌరవింపబడినవి. కనుక కొలబద్దను సరిదిద్దుకొనవలసి వచ్చినది. ఆహార్యము ఉన్నదా లేదా యన్నది ప్రశ్న కాదు. ఉన్నదానిలోనికి సాత్త్వికము ప్రవేశించినదా లేదా యన్నదే ప్రశ్న. ఈ దృష్టితో క్రిందినుండి పైకి పోవుదము.

ఐదవ స్థానము ‘మిస్సమ్మ’ (1955). ఎల్. వి. ప్రసాద్ దర్శకత్వమున వచ్చిన ఈ చిత్రమున రంగారావు జమీందారు గోపాలము. మన చిత్రములలో జమీందారు క్రూరుడో విదూషకుడో అగుట పరిపాటి. రంగారావు ఈ రెంటికిని లొంగలేదు. కలిమిని అట్టహాసముతో గాక, తొందరలేని మాటతోను, ఎదుటివారిని సులభముగ నమ్ము చూపుతోను తెలిపిరి. పంతులమ్మను కూతురువలె చూచుకొను ఘట్టములలో ఆ నిండు విగ్రహము మెత్తబడును. ఇంత సహజమైన నటన ఐదవ స్థానమున ఏల నిలిచినది? పాత్ర కోరినది వాత్సల్యము ఒక్కటియే. ఆయన దానిని లోపము లేక ఇచ్చిరి; అంతకు మించి ఇచ్చుటకు కథలో తావు లేదు.

నాలుగవది ‘పాతాళభైరవి’ (1951). కె. వి. రెడ్డి దర్శకులు. నేపాళ మాంత్రికుని వేషము ధరించునాటికి రంగారావు ముప్పదిమూడేండ్లైన నిండనివారు. తెరపై వయసు తెలియదు. ఈ పాత్రలో వాచికమే ప్రధానము. అక్షరములను సాగదీసి, చివర విరిచి పలికిన ఆ పలుకుబడిని నేటికిని పిల్లలు అనుకరింతురు. కాని గమనింపదగిన విషయము వేరు. రంగారావు మాంత్రికుడు తాను దుష్టుడనని యెరుగడు. అతడు తన దృష్టిలో ఒక సాధకుడు. సాహసియైన యువకుని బలి యిచ్చుట అతనికి క్రౌర్యము కాదు, క్రతువులోని ఒక అంగము. ఆ నిశ్చింతయే భయము గొల్పునది. అయినను పాత్ర మొదట నున్నట్లే తుదివరకు నుండును. పలుకుబడి ఒకసారి కుదిరిన పిమ్మట ఆహార్యముతో కలిసి గట్టిపడి, లోపలి మార్పునకు చోటు విడువలేదు.

మూడవది ‘నర్తనశాల’ (1963). కమలాకర కామేశ్వరరావు దర్శకత్వమున వచ్చిన ఈ చిత్రములోని కీచక పాత్రకు రంగారావు జకార్తాలో జరిగిన ఆఫ్రో ఆసియా చలనచిత్రోత్సవమున ఉత్తమ నటునిగ గౌరవింపబడిరి. అందుచేత దీనికి అగ్రస్థానము ఈయవలెనని పెక్కుమంది వాదింతురు. కీచకుని కష్టమును అలంకారశాస్త్రము తెలిసినవారు ఎరుగుదురు. అతనిది శృంగారము కాదు, శృంగారాభాసము. వలపు ఒకవైపే యున్నప్పుడు అభినయము కొంచెము పెరిగినచో హాస్యమగును, కొంచెము తగ్గినచో జుగుప్స మిగులును. తిక్కన విరాటపర్వమున కీచకుని విరహమును ఈ సన్నని గట్టుపైననే నడిపించినాడు. రంగారావు సైరంధ్రిని చూచిన పిమ్మట అధికారమును విడువక, ఆ అధికారము క్రింద కరగుచున్న దైన్యమును కనుకొలకులలో మాత్రము చూపిరి. రాజ్యము నడుపువాడు ఒక పరిచారిక చూపునకై కాచుకొనుట మనకు నవ్వు తెప్పింపదు. అతడు నశించుననియే తోచును. ఆభరణములు నిండుగ నున్నను ఇచ్చట సాత్త్వికము వానిని దాటి వచ్చినది. అయితే ఆ భావము ఒకే దిక్కునకు ప్రవహించును: కోరిక, తిరస్కారము, మరల కోరిక. పురస్కారము న్యాయమైనదే, కాని పురస్కారము ఒక సంవత్సరపు తీర్పు, జీవితమంతటి తీర్పు కాదు.

రెండవది ‘బంగారుపాప’. జార్జి ఇలియట్ 1861లో ప్రకటించిన ‘సైలస్ మార్నర్’ నవలనుండి ప్రేరణ పొంది బి. ఎన్. రెడ్డి 1950ల నడిమిభాగమున నిర్మించిన ఈ చిత్రమునకు మాటలు వ్రాసినవారు పాలగుమ్మి పద్మరాజు. ద్రోహమునకు గురియై, మనుష్యులయెడ నమ్మకము పోయి బండబారిన కోటయ్యకు ఒక పసిపాప దొరకును. ఇంతే కథాబీజము. కిరీటము లేదు, గద లేదు, గర్జన లేదు. పగతో బిగిసిన చేతులు పసిబిడ్డను ఎత్తుకొనుట నేర్చుకొనవలెను. రంగారావు ఆ చేతులకు మెత్తదనమును ఒక్కసారిగ రానీయలేదు. మొదట భయము, పిమ్మట విసుగు, ఆ పిమ్మట తనకే తెలియని మమకారము. మార్పు క్షణములో గాక కాలములో జరుగును. ఈ చిత్రము ఒక్కటియే మిగిలి, తక్కినవన్నియు నశించినను రంగారావు మహానటుడనియే చెప్పవలసి యుండును. నా మొదటి కొలబద్ద ప్రకారము దీనిదే అగ్రస్థానమని ముందే చెప్పితిని. నేటికిని ఈ చిత్రమును క్రిందికి దింపుట నాకు సులభముగ లేదు.

ఇక ‘మాయాబజార్’ (1957). దీనికి అగ్రస్థానమిచ్చుట అందరును అనుదానినే మరల అనుట గదా యని కొందరు నవ్వవచ్చును. అందరును అనుట తప్పునకు గుర్తు కాదు. అందరును ఏల అందురో చెప్పలేకపోవుటయే తప్పు. ఘటోత్కచుని ఆహార్యము రంగారావు వేషములలో మిక్కిలి బరువైన వానిలో ఒకటి. ఆ బరువులో ఆయన ఉంచినది ఒక బాలుని మనస్సు. అడవిలో అభిమన్యుని ఎదిరించిన వీరుడు, తాము బంధువులమని తెలిసినంతనే సుభద్రముందు ఒదిగిపోవును. తల్లి హిడింబముందు అతని ఎత్తు తగ్గును. కృష్ణునిముందు గర్వము భక్తియగును. వివాహ భోజనముల ఘట్టమున కంఠము మాధవపెద్ది సత్యముది. కాని ఆ ఆకలి, ఆ ఆనందము, పెద్ద దేహమున కూర్చున్న ఆ పిల్లవాడు రంగారావువే. వీరము, అద్భుతము, హాస్యము, వాత్సల్యము—ఒక్కొక్కటి మరియొకదానిలోనికి తెలియకుండ జారును. ‘మిస్సమ్మ’లోని మెత్తదనము, ‘పాతాళభైరవి’లోని వాచికము, ‘నర్తనశాల’లోని దర్పము ఇచ్చట ఒకే పాత్రలో చేరినవి.

ఇది ఆహార్యపు గొప్పతనము కాదని ఎట్లు నిరూపింతుము? నిరూపణము చిత్రములోనే కలదు. ఘటోత్కచుడు మాయాశశిరేఖయైనప్పుడు తెరపై నున్నది సావిత్రి. కిరీటము లేదు, మీసము లేదు, గద లేదు. అయినను ఆ సుకుమారమైన దేహమున, ఆ నడకలోను, ఆ తలయెగురవేతలోను ప్రేక్షకుడు ఘటోత్కచునే చూచును. ఇది సావిత్రి ప్రతిభ యనుటలో సందేహము లేదు. కాని గుర్తుపట్టుటకు అచ్చట ఒక మనిషి ముందుగ ఏర్పడియుండవలెను. రంగారావు ఆ పాత్రకు వేషమును గాక స్వభావమును నిర్మించిరి గనుకనే అది వేషమును విడిచి మరియొక నటి దేహమునకు పోగలిగినది. ఆహార్యమును తీసివేసి చూడవలెనన్న నా మొదటి పరీక్షను చిత్రమే స్వయముగ నిర్వహించి, నెగ్గి చూపినది. 2010లో ఈ చిత్రమునకు రంగులు వేసి విడుదల చేసినప్పుడును ఘటోత్కచునకు క్రొత్తగ కలిగినది వస్త్రముల వన్నె మాత్రమే. పాత్రము నలుపు తెలుపులలోనే సంపూర్ణము.

‘భక్తప్రహ్లాద’ (1967) ఈ పట్టికలో లేకపోవుటను కొందరు ఆక్షేపింపవచ్చును. కొడుకునెడ ప్రేమయు, దైవమునెడ పగయు పెనగులాడు హిరణ్యకశిపుడు గొప్ప పాత్రమే. ‘మిస్సమ్మ’ స్థానమున దానిని నిలుపువారితో ఈ వ్యాసకర్త గట్టిగ వాదింపడు. కడపటి స్థానముల విషయమున ఇట్టి సందేహము సహజము. మొదటి రెంటి విషయమున మాత్రము నిర్ణయము కొలబద్దనుండియే వచ్చినది.

ఆ విద్యార్థి ప్రశ్నకు ఇప్పుడు సమాధానము చెప్పవచ్చును. అతని తాత మోసినది కిరీటమును కాదు. కిరీటమును సజీవము చేయు విద్యను. ఘటోత్కచునకు అగ్రస్థానమిచ్చిన విమర్శ ఆ విద్యను తక్కువ చేయజాలదు. అయితే రంగారావు నటనకు ఫిలిము కలదు. ఎన్ని మారులైన చూచి తప్పొప్పులు తేల్చుకొనవచ్చును. రాత్రి ఆడి తెల్లవారునప్పటికి ముగిసిన చిందు ఆటలలో పెక్కింటికి ఏ ముద్రణమును లేదు. కరీంనగరపు జైరాజ్ తొలినాటి మూకీచిత్రములకు తారతమ్యము నిర్ణయింపజాలక విడిచిపెట్టితిమి. రేపు మన విద్యార్థులు చిందు నటుల విషయమునను అట్లే విడిచిపెట్టవలసి రాకుండుటకై, ఇంకను ఆడుచున్నవారి ఆటలను చిత్రించి, వారి మాటలను వ్రాసి భద్రపరచుట తెలుగు శాఖల కర్తవ్యము. తారతమ్య విచారము తరువాత చేయవచ్చును. చూచుటకు ఏదైన మిగిలియుండవలెను గదా.