ఫర్నేసు ముందు మనిషి

కొన్నేళ్ల కిందట ఒక ఫౌండ్రీ వాళ్ల కోసం పన్నెండు నిమిషాల డాక్యుమెంటరీ తీశాను. కరిగిన ఇనుము రంగు చూసి, ‘ఇంకాస్త కాగాలి’ అని చెప్పే పెద్దాయన ఒకరు అక్కడ ఉండేవారు. ఆయన ముఖం మీద ఆ ఎర్రటి వెలుగు పడ్డ షాటే నా సినిమాకు ప్రాణం అనుకున్నాను. రఫ్ కట్ చూసిన యాజమాన్యం అదే తీసేయమంది. ‘మా దగ్గర వేడి చూసేది మీటరండీ. ఇంకా కంటిచూపు మీదే నడుపుతున్నామని కొనేవాళ్లు అనుకుంటే ఎలా?’ అన్నారు. డబ్బు వాళ్లది, అమ్ముకోవలసిన సరుకూ వాళ్లదే. తీసేశాను. ఆ సినిమా ఎప్పుడు చూసినా సరిగ్గా అక్కడే నాకు ఊపిరి ఆగుతుంది.

అలాంటప్పుడు డచ్ డాక్యుమెంటరీ దర్శకుడు బెర్ట్ హాన్‌స్ట్రా గుర్తొస్తాడు. నెదర్లాండ్స్‌లోని లేర్‌డామ్ గాజు ఫ్యాక్టరీ ఆయనను ప్రచార చిత్రం తీసిపెట్టమంది. అడిగింది అడిగినట్టు తీసిచ్చాడు. దాంతోపాటే 1958లో ‘గ్లాస్’ అనే చిన్న సినిమా తన కోసం తీసుకున్నాడు. వ్యాఖ్యానం లేదు. గాజు ఊదేవాళ్ల బుగ్గలు, వేళ్లు, వాటితో కలిసి నడిచే జాజ్ సంగీతం, అంతే. తర్వాత యంత్రం వస్తుంది. మెడ విరిగిన సీసా ఒకటి ఇరుక్కుంటే, వెనక వచ్చేవన్నీ వరసగా పడి పగులుతాయి. యంత్రానికి ఆ సంగతే తెలియదు. ఏ యజమానైనా ముందు కత్తిరించమనేది ఆ ఘట్టాన్నే. చూసినవాళ్లు మరిచిపోలేనిదీ అదే. ఆ సినిమాకు ఆస్కార్ వచ్చింది.

స్పాన్సర్ అసలు జోక్యం చేసుకోకపోతే చాలునా? చాలదు. 1948లో డాక్యుమెంటరీ దర్శకుడు రాబర్ట్ ఫ్లాహర్టీ తీసిన ‘లూసియానా స్టోరీ’కి డబ్బు పెట్టింది స్టాండర్డ్ ఆయిల్. తెరమీద కంపెనీ పేరు కనిపించదు. అయినా అందులో చమురు తవ్వకం లూసియానా చిత్తడి నేలకు ఏ హానీ చేయని చుట్టంలా వచ్చి వెళుతుంది. పెట్టుబడి నోరు తెరిచి అడగకపోయినా, దాని కోరిక సినిమాలోకి వచ్చి కూర్చుంటుంది. దాన్ని కనిపెట్టుకుని ఉండవలసింది తీసేవాడే.

అందుకే ఇప్పుడు అడ్వాన్స్ తీసుకోకముందే మాట్లాడతాను. భద్రతా నియమాలు, తయారీ రహస్యాలు వాళ్లు చెప్పినట్టే. కొత్త యంత్రాన్ని ఎంతసేపు చూపించమంటే అంతసేపు. కానీ పనిచేసే ఒక మనిషిని నేను ఎంచుకుంటాను, ఆ మనిషి పని మొదలు నుంచి చివరి దాకా ఉంటుంది. ఈ మాట ఒప్పందంలో రాయిస్తాను. ఒప్పుకోకపోతే ఆ సినిమా తీయను.

ఈ రంగంలోకి వస్తున్న పిల్లలకు నేను చెప్పేది ఒక్కటే. ఏ షాటు వదులుకోరో సంతకానికి ముందే చెప్పండి. ఎడిటింగ్ గదిలో చెబితే ఆలస్యమైపోతుంది.