మెహ్‌ఫిల్ గదీ, ప్రజల స్వరమూ

దర్బారు సంగీతం భూస్వామ్య కళ, దానితో మనకేం పని అనే విమర్శకులు హైదరాబాదు పాతనగరంలోని దాయిరా మీర్ మోమిన్‌కు ఒకసారి వెళ్లాలి. బడే గులాం అలీఖాన్ సమాధి అక్కడే ఉంది. 1902లో కసూరులో పుట్టి, దేశవిభజన తర్వాత పాకిస్తాన్‌లో ఇమడలేక 1957లో భారత పౌరసత్వం పొందిన ఈ పాటియాలా ఘరానా గాయకుడు, 1968లో బషీర్‌బాగ్ ప్యాలెస్‌లో కన్నుమూశాడు. చివరి ఆశ్రయం నవాబుదే, నిజమే. కాని ఆయన ఠుమ్రీలో పలికింది పంజాబు జానపదం. సామాన్య శ్రోతల కోసం సుదీర్ఘమైన ఆలాపనను కుదించాడు కూడా. పోషకుణ్ణి చూసి కళకు వర్గముద్ర వేయడం యాంత్రిక విమర్శ. ప్రజలనుంచి వచ్చిన ఈ స్వరాన్ని నవాబుల ఖాతాలో మనమే ఎందుకు జమకట్టాలి?