అమరావతి స్తూపం: అరుదైన ముద్రణల ప్రామాణ్య విచారణ

అమరావతి మహాస్తూపం నేడు స్వస్థానంలో కంటే గ్రంథాలలోనే ఎక్కువగా మిగిలి ఉంది. 18వ శతాబ్ది చివర వాసిరెడ్డి వేంకటాద్రినాయుడి కాలంలో అక్కడి రాళ్లు కొత్త కట్టడాలకు తరలాయి. 1880లో ప్రభుత్వాజ్ఞపై దిబ్బను పూర్తిగా తవ్వించడంతో స్తూపస్థానంలో గొయ్యి మిగిలింది. మద్రాసు, లండన్ మ్యూజియాలకు చేరిన ఫలకాలు నిర్మాణంలో ఏ చోటివో నిర్ణయించడానికి పాత చిత్రాలు, నివేదికలే ప్రధానాధారం. కాబట్టి వీటిని కేవలం ఉపయుక్త గ్రంథాలుగా కాక సాక్ష్యప్రతులుగా పరిగణించాలి. తాళపత్ర ప్రతులకు వర్తించే పరిష్కరణ నియమాలు వీటికీ వర్తించాలి.

ఈ ప్రతుల ప్రామాణ్యం ఏకరూపం కాదు. కల్నల్ మెకంజీ 1816లో మళ్లీ అమరావతికి వచ్చిన తర్వాత ఆయన చిత్రకారులు గీసిన చిత్రాలలో నేడు లభించని ఫలకాలు కూడా ఉన్నాయి. అటువంటి చోట చిత్రమే ఏకైక సాక్ష్యం. రాయి లభిస్తున్న చోట చిత్రాన్ని రాయితో సరిచూడాలి. 1868లో వెలువడిన ఫెర్గూసన్ గ్రంథం పేరులోనే వృక్షారాధన, సర్పారాధన సిద్ధాంతం ఉంది. ఆయన ఇచ్చిన చిత్రఫలకాలు విలువైనవే అయినా, వాటి వివరణను ఆ సిద్ధాంతం నుంచి వేరుచేసి చదవాలి. బర్జెస్ 1887 నాటి గ్రంథం శిల్పాలనూ శాసనాలనూ విస్తృతంగా నమోదు చేసింది. కానీ ఆయన పరిశీలన నాటికే స్తూపస్థానం ఖాళీ అయినందున, స్థాననిర్దేశంలో అది పూర్వసాక్ష్యాలపై ఆధారపడక తప్పలేదు.

ఈ పరిష్కరణకు తెలుగు భాషాజ్ఞానం అవసరం. 1823లో అచ్చయిన మెకంజీ వ్యాసం శీర్షికలోని ‘డిపాల్డిన్నా’, ‘డర్నకోట’ అనే రూపాలు దీపాలదిన్నె, ధరణికోటలే. స్థలనామాన్ని గుర్తించని పరిశోధకుడికి సూచికలో ఆ వ్యాసమే దొరకదు. అమరావతి శాసనశకలంలో వేటూరి ప్రభాకరశాస్త్రి గుర్తించిన ‘నాగబు’ స్వతంత్ర పదమా, మరొక నామంలో భాగమా అన్న ప్రశ్న కూడా శకలం అంచులను, దాని ముద్రితప్రతిని కలిపి చూస్తేనే విచారణకు అందుతుంది.

శివరామమూర్తి 1942లో మద్రాసు మ్యూజియం ఫలకాలను, రాబర్ట్ నాక్స్ 1992లో బ్రిటిష్ మ్యూజియం ఫలకాలను గ్రంథస్థం చేశారు. ఈ రెండు సేకరణలూ ఒకే స్తూపానివి. అరుదైన గ్రంథాలను యథాతథంగా పునర్ముద్రిస్తే కొరత మాత్రమే తీరుతుంది. ప్రతి ఫలకానికీ మెకంజీ చిత్రం, ఫెర్గూసన్, బర్జెస్ ముద్రణలు, మ్యూజియం సంఖ్య, శాసనపాఠం పక్కపక్కన చూపే తులనాత్మక పట్టిక తెలుగులో సిద్ధమైతే, చెదిరిన స్తూపాన్ని కనీసం పాఠంగానైనా తిరిగి కూర్చవచ్చు.