ఎన్ని వేశాడు, ఎన్ని పడ్డాయి

"అరవై కొట్టినా మామా!" అన్నాడు మా అక్క కొడుకు ఈ వారం, చేతిలో కంట్రోలర్ కింద పెట్టకుండానే. వాడు ఆడుతున్నది ఎన్‌బీఏ టూకే అనే బాస్కెట్‌బాల్ వీడియో గేమ్. ఎంచుకున్న ఆటగాడు స్టీఫెన్ కర్రీ. "ఎన్ని వేస్తే అరవై వచ్చినాయి రా?" అని అడిగాను. "అదెందుకు మామా, గెలిచినాం కదా" అన్నాడు. నాకు ఒళ్లు మండింది ఈ మాటకే.

ఈ కాలమ్ చదివేవాళ్లకు నా పట్టు తెలియనిది కాదు. పాయింట్లు చెప్పి ప్రయత్నాలు చెప్పకపోతే అది సగం లెక్కే. క్రికెట్‌లో మనం ఇలా ఊరుకోం. లక్ష్మణ్ 281 అనగానే 452 బంతులు అని వెంటనే అనేవాళ్లు మన ఊళ్లలో ఇంకా ఉన్నారు. బాస్కెట్‌బాల్ వార్త దగ్గరికి వచ్చేసరికి పత్రికలు ఫలానావాడు ముప్పై కొట్టాడు అని రాసి వదిలేస్తాయి. ముప్పై పాయింట్లు పదహారు షాట్లలో రావడం వేరు, ముప్పై షాట్లలో రావడం వేరు. రెండో సందర్భంలో తప్పిన ప్రతి షాటూ జట్టుకు దక్కకుండా పోయిన అవకాశం.

మేముంటున్న కువైట్‌లో పిల్లలు ఈ ఆటను తెర మీద నేర్చుకోవడంలో వింతేమీ లేదు. 2016 జూలై 21న మిత్రిబాలో 53.9 డిగ్రీలు నమోదయ్యాయి. ప్రపంచ వాతావరణ సంస్థ పరిశీలించి ఖాయం చేసిన అంకె అది. జూన్ నుంచి ఆగస్టు దాకా పగలు పదకొండు నుంచి నాలుగు వరకు ఆరుబయట కూలీల చేత పని చేయించకూడదని ఇక్కడ ప్రభుత్వ నిషేధం ఉంటుంది. పెద్దవాళ్లే నిలబడలేని ఎండలో పిల్లలు ఏం పరుగెత్తుతారు? సిమెంటు కోర్టులు పొద్దు వాలాకే నిండుతాయి, అవి కూడా ఎక్కువగా ఫిలిప్పీన్స్ వాళ్లతోనే. బాస్కెట్‌బాల్ అంటే వాళ్లకు ప్రాణం. మన పిల్లలకు కోర్టు అంటే టీవీ తెరే. అందుకే ఆ తెర వాళ్లకు ఏం నేర్పుతున్నదో పట్టించుకోవాలి అంటాను.

వాణ్ని పక్కన కూర్చోబెట్టుకుని ఒక రోజు కథ చెప్పాను. 2016 ఏప్రిల్ 13. అమెరికా పశ్చిమ తీరంలో ఒకే రాత్రి రెండు మ్యాచ్‌లు. ఇక్కడ మనకు అప్పుడు గురువారం తెల్లవారుజాము. లాస్ ఏంజెలిస్‌లో కోబీ బ్రయంట్ ఇరవై సీజన్ల తర్వాత చివరిసారి ఆడుతున్నాడు. ఓక్లాండ్‌లో గోల్డెన్ స్టేట్ వారియర్స్ 73వ విజయం కోసం ఆడుతోంది. అంతకుముందు రికార్డు షికాగో బుల్స్‌ది, 72. కోబీ 60 పాయింట్లు కొట్టాడు. దానికి అతను వేసిన షాట్లు 50, పడినవి 22. వారియర్స్ తరఫున కర్రీ 24 షాట్లు వేసి 46 కొట్టాడు. అందులో త్రీలు, అంటే గీత అవతలి నుంచి వేసే మూడు పాయింట్ల షాట్లు, పది. ఆ పదితో ఆ సీజన్‌లో అతని త్రీలు 402 అయ్యాయి. ఒక్క సీజన్‌లో నాలుగు వందలు దాటినవాడు అంతకుముందు ఎవరూ లేరు.

"ఇద్దరిలో ఎవరు గొప్ప మామా?" అన్నాడు వాడు. కర్రీయే అన్నాను, తడుముకోకుండా. షాటుకు ఎన్ని పాయింట్లు రాబట్టాడన్నదే నా లెక్క. దీన్ని కొలిచే పద్ధతి ఒకటుంది, ట్రూ షూటింగ్ అంటారు. వేసిన షాట్లకు ఫ్రీ త్రోలలో 0.44 వంతు కలపాలి, దాన్ని రెట్టింపు చేసి, మొత్తం పాయింట్లను దానితో భాగించాలి. ఆ సీజన్‌లో కర్రీ 1,598 షాట్లు వేశాడు, 400 ఫ్రీ త్రోలు వేశాడు, 2,375 పాయింట్లు కొట్టాడు. భాగిస్తే 66.9 శాతం వస్తుంది. సాధారణంగా ఎక్కువ షాట్లు వేసే కొద్దీ శాతం పడిపోతుంది. తేలిక షాట్లు ముందే అయిపోతాయి, మిగిలినవి కష్టమైనవి కాబట్టి. అంత ఎక్కువగా వేస్తూ అంత శాతం నిలబెట్టడమే కర్రీని ఆ ఏడాది ఏకగ్రీవంగా ఉత్తమ ఆటగాణ్ని చేసింది.

ఇప్పుడు తెర సంగతి. టూకే చేసినవాళ్లు తెలివైనవాళ్లు. వాళ్లు ఒక ఆటగాడికి రెండు రకాల అంకెలు ఇస్తారు. ఎంత బాగా వేస్తాడో చెప్పేది ఒకటి, ఎంత తరచుగా వేస్తాడో చెప్పేది ఇంకొకటి. రెండోదాన్ని టెండెన్సీ అంటారు. కంప్యూటర్ ఆడేటప్పుడు ఈ రెండూ కలిసి పనిచేస్తాయి, కాబట్టి కంప్యూటర్ నడిపే కర్రీ కొంతవరకు కర్రీలాగే ఆడతాడు. కంట్రోలర్ పిల్లాడి చేతికి వచ్చిన క్షణం టెండెన్సీ అన్నది వాడి బొటనవేలే. ఆపేవాడు లేడు. పైగా తెర మీద షాట్ మీటర్ సరైన చోట ఆగి గ్రీన్ వచ్చిందంటే బంతి పడ్డట్టే. మామూలుగా పెట్టే ఐదు నిమిషాల క్వార్టర్లతో ఆడితే మ్యాచ్ మొత్తం ఇరవై నిమిషాలు, అసలు ఎన్‌బీఏ మ్యాచ్ 48 నిమిషాలు. ఆ సీజన్‌లో కర్రీ మ్యాచ్‌కు వేసిన త్రీలు సగటున పదకొండు. ఇరవై నిమిషాలకు కుదిస్తే ఐదు కూడా రావు. మావాడు అంత సేపట్లోనే పాతిక వేస్తాడు, పద్దెనిమిది పడతాయి. షాట్లు పెరిగినా శాతం తగ్గదు.

కర్రీ అసలు ఆటే ఈ గేమ్‌కు చిక్కు తెచ్చిందన్న సంగతి చాలామందికి తెలియదు. పాస్ అందుకుని నిలబడి వేస్తే మంచి షాట్, బంతి కొట్టుకుంటూ వచ్చి దూరం నుంచి వేస్తే చెడ్డ షాట్ అన్న నియమం మీద ఆ గేమ్ కట్టుకుంటూ వచ్చారు. చెడ్డ షాట్‌కు శిక్ష ఉండేది. కర్రీ వేసేవే ఆ చెడ్డ షాట్లు, అవే పడుతున్నాయి. అతన్ని తెర మీదకు తేవడం కష్టంగా ఉందని 2016లో టూకే గేమ్‌ప్లే డైరెక్టర్ మైక్ వాంగ్ బహిరంగంగానే చెప్పాడు. నియమం సడలిస్తే అందరూ కర్రీలైపోతారు, బిగిస్తే కర్రీ కర్రీలా ఉండడు.

2020 డిసెంబరులో సాధన ముగిశాక కర్రీ ఒకే మూల నుంచి వరసగా 105 త్రీలు వేశాడు, ఒక్కటీ తప్పలేదు. అదే సీజన్ మ్యాచ్‌లలో అతని త్రీ శాతం 42.1. అదే మనిషి, అదే చెయ్యి. తేడా అంతా ఎదురుగా నిలబడ్డ మనిషిది, మోకాళ్లలో చేరిన అలసటది, తప్పితే ఏమవుతుందన్న భయానిది. మా రాయలసీమలో బోరు ఎండితే ఆ అప్పు రైతు నెత్తిన ఉంటుంది. కోర్టులో షాట్ తప్పితే బంతి అవతలివాడి చేతికి పోతుంది. తెర ముందు కూర్చున్న పిల్లాడికి పోయేది ఏమీ లేదు, మళ్లీ మొదలుపెడతాడు.

తప్పుకు ఖరీదు ఉండాలన్న నా నమ్మకానికి నిలువెత్తు రూపం ఈ దేశంలోనే ఉంది. ఆయన పేరు ఫెహైద్ అల్ దీహానీ. కర్రీ 402 కొట్టిన ఏడాదే ఆయనది కూడా. 2015 అక్టోబరులో అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ కువైట్‌ను సస్పెండ్ చేసింది, క్రీడా సంఘాల్లో ప్రభుత్వ జోక్యం ఉందని. రియో ఒలింపిక్స్‌కు కువైట్ జెండాతో వెళ్లే వీలు లేకపోయింది. వెళ్లినవాళ్లు స్వతంత్ర క్రీడాకారులుగా వెళ్లారు. ప్రారంభోత్సవంలో ఒలింపిక్ జెండా పట్టుకోమని దీహానీని అడిగితే, నేను సైనికుణ్ని, నా దేశ జెండా తప్ప మరొకటి పట్టుకోను అని నిరాకరించాడు. తుపాకీ మాత్రం పట్టుకున్నాడు. ఆగస్టు 10న డబుల్ ట్రాప్ ఫైనల్‌లో ఇటలీకి చెందిన మార్కో ఇన్నొచెంతిని 26-24తో ఓడించి స్వర్ణం గెలిచాడు. అప్పటికి ఆయన వయసు 49. స్వతంత్ర క్రీడాకారుడిగా ఒలింపిక్ స్వర్ణం గెలిచిన మొదటి మనిషి ఆయనే. 2000లో సిడ్నీలో కువైట్‌కు మొట్టమొదటి ఒలింపిక్ పతకం తెచ్చిందీ ఆయనే, 2012లో లండన్‌లో మరో కాంస్యం తెచ్చిందీ ఆయనే. 

మనవాళ్లకు డబుల్ ట్రాప్ అంటే 2004 ఏథెన్స్‌లో రాజ్యవర్ధన్ సింగ్ రాథోడ్ రజతం గుర్తుకొస్తుంది. గాలిలోకి ఒకేసారి రెండు మట్టి పలకలు ఎగురుతాయి, రెంటినీ పగలగొట్టాలి. రియోలో దీహానీ గెలిచిన స్వర్ణ పోరులో ఒక్కొక్కరికి ముప్పై పలకలు, ఒక్కటి ఎక్కువ లేదు, ఒక్కటి తక్కువ లేదు. నేను ఇంకాస్త ఎక్కువ వేస్తాను అనడానికి లేదు. ఈ ఒక్కటి కష్టంగా ఉంది, వదిలేస్తాను అనడానికీ లేదు. అందరికీ అవకాశాలు సమానం, కాబట్టి పడినవే లెక్క. దీహానీ గెలిచిన మర్నాడు మా ఆఫీసులో ఒక కువైటీ మిత్రుడు, పోడియం మీద తమ జెండా ఎగరలేదని కళ్లు తుడుచుకుంటూ, "ముప్పైకి ఇరవై ఆరు" అని పదే పదే అన్నాడు. పాయింట్ల పక్కన ప్రయత్నాలు చెప్పిన మనిషి! అన్ని ఆటలూ ఇలాగే ఉంటే ఎంత బాగుండును అని నాకు చాలాకాలం అనిపిస్తూ ఉండేది.

ఆ కోరికకు అడ్డం వచ్చేది స్టీవ్ కెర్ లెక్క. 1965లో మన పక్కనే బేరూత్‌లో పుట్టాడు. కర్రీకి కోచ్. ఆ 72 విజయాల బుల్స్ జట్టులో ఆటగాడు, 73 విజయాల వారియర్స్ జట్టుకు శిక్షకుడు. ఎన్‌బీఏ చరిత్రలో కెరీర్ మొత్తానికి అత్యుత్తమ త్రీ శాతం ఆయనదే, 45.4. ఇప్పుడు 2015-16లో కర్రీ త్రీ శాతం చూడండి. 886 వేస్తే 402 పడ్డాయి. అదీ 45.4 శాతమే. అంకెకు అంకె సరిపోయింది. నా కొలబద్ద ఒక్కటే పట్టుకుంటే ఇద్దరూ సమానం కావాలి. కెర్ పదిహేను సీజన్లలో కలిపి వేసిన త్రీలు 1,599. కర్రీ అందులో సగానికి పైగా ఒక్క ఏడాదిలో వేశాడు, చాలావరకు మీదికి దూకుతున్న మనుషుల మధ్య నుంచి. ఇద్దర్నీ సమానం అనడానికి ఆట తెలిసినవాడెవడూ ఒప్పుకోడు. కెర్ కూడా ఒప్పుకోడనే నా నమ్మకం.

కెర్‌కు అంత శాతం ఎలా వచ్చిందో 1997 ఫైనల్స్ ఆరో మ్యాచ్ చెబుతుంది. స్కోరు 86-86. చివరి షాట్ మైకేల్ జోర్డాన్‌దే అని స్టేడియంలో అందరికీ తెలుసు, యుటా జట్టుకూ తెలుసు. కెర్‌ను కాస్తున్న జాన్ స్టాక్టన్ అతన్ని వదిలి జోర్డాన్ మీదికి వెళ్లాడు. బంతి కెర్‌కు వచ్చింది. ఖాళీగా నిలబడి వేశాడు, పడింది, ట్రోఫీ బుల్స్‌ది. ఆ ఖాళీని తయారు చేసింది జోర్డాన్ అంతకాలం వేస్తూ వచ్చిన వేల షాట్లు, వాటిలో తప్పిన వేల షాట్లు. అతను తప్పడానికి భయపడి తగ్గి ఉంటే స్టాక్టన్ కదిలేవాడే కాదు. ఒకడి శాతం ఇంకొకడి ప్రయత్నాల మీద నిలబడుతుంది. స్కోరు పట్టికలో ఆ అప్పు ఎక్కడా కనపడదు.

ఇలా చూస్తే 2018-19లో జేమ్స్ హార్డెన్ వేసిన 1,028 త్రీలు నాకు వేరేగా కనిపిస్తాయి. 36.8 శాతం, గొప్పదేం కాదు. కానీ అవి వేయాల్సిన మనిషి ఎవరో ఒకరు ఉండాలి, ఆ ఏడాది అతని జట్టు హ్యూస్టన్ 53 మ్యాచ్‌లు గెలిచింది. క్రికెట్‌లోనూ అంతే. 2025 సెప్టెంబరులో దుబాయ్‌లో ఆసియా కప్ ఫైనల్‌లో మన తిలక్ వర్మ 53 బంతుల్లో 69 చేసి నిలబడ్డాడు. స్ట్రైక్ రేటు 130. ఈ రోజుల్లో ఆ అంకెకు ఎవరూ తలతిప్పి చూడరు. 10కి రెండు వికెట్లు పడ్డాక క్రీజులోకి వచ్చాడని తెలిస్తేనే దాని బరువు తెలుస్తుంది.

అందుకే ఆ ఏప్రిల్ రాత్రి గురించి ఇప్పుడు నా తీర్పు ఇది. కర్రీ 46 గొప్ప ఆట. కోబీ 60 కూడా గొప్ప ఆటే. ముప్పై ఏడేళ్ల వయసులో, అరిగిపోయిన శరీరంతో, యాభైసార్లు అందరి ముందూ తప్పడానికి సిద్ధపడ్డ మనిషి అతను, ఆ మ్యాచ్ అతని జట్టు లేకర్స్ 101-96తో గెలిచింది కూడా. శాతం ముఖ్యం. దానికంటే అరుదైనది, తప్పుతుందేమోనని తెలిసీ చెయ్యి పైకెత్తడం. ఆ ధైర్యాన్ని టెండెన్సీ అంకెగా రాసి ఇవ్వవచ్చునేమో గాని, బటన్‌తో నేర్పలేం.

తల్లిదండ్రులకు నా మాట ఒకటే. గేమ్ మాన్పించనక్కర్లేదు. క్వార్టర్‌ను 12 నిమిషాలకు పెట్టమనండి, షాట్ మీటర్ తీసేయమనండి, ఓడిపోతున్న మ్యాచ్‌ను మధ్యలో ఆపి మళ్లీ మొదలుపెట్టనివ్వకండి. నవంబరులో ఎండ తగ్గాక పక్కనున్న కోర్టుకు తీసుకెళ్లండి, ఫిలిప్పీన్స్ అన్నలు ఉంటే వాళ్లతో కలపండి. అంతర్జాతీయ కొలత ప్రకారం త్రీ గీత రింగుకు 6.75 మీటర్ల దూరంలో ఉంటుంది. అక్కడ నిలబెట్టి, ఎదురుగా ఒకరు చెయ్యి ఎత్తి నిలుచుని, ఇరవై వేయించండి. పడినవీ తప్పినవీ రెండూ వాళ్ల చేతనే రాయించండి.