‘మాదీ’, క్త్వార్థకం: పూర్తయిన పనికి పెట్టిన పేర్లు

‘మాజీ మంత్రి’ అన్నప్పటి ‘మాజీ’, సౌదీ అరేబియా బడుల్లో పిల్లలు వ్యాకరణ పాఠంగా నేర్చుకునే ‘మాదీ’ ఒకటే మాట. అరబ్బీలో ‘మదా’ అంటే గడచిపోయింది అని. ‘మాదీ’ అంటే గడచినది. అందులోని ప్రత్యేకమైన దకారాన్ని ఫార్సీ, ఉర్దూలు జకారంగా పలుకుతాయి. రమదాన్ రంజాన్ అయినట్లే మాదీ మాజీగా తెలుగుకు చేరింది.

అయితే ఈ క్రియారూపం ఎప్పుడూ గడచిన కాలాన్నే చెప్పదు. సౌదీ వార్తల్లో రాజు పేరు వెంట వచ్చే ‘హఫిజహుల్లాహ్’, దివంగతుల పేరు వెంట వచ్చే ‘రహిమహుల్లాహ్’ మాదీ రూపాలే. పేరును నమ్మి అనువదిస్తే ‘దేవుడు కాపాడాడు’, ‘దేవుడు కరుణించాడు’ అని వస్తుంది. అసలు అర్థం ‘కాపాడుగాక’, ‘కరుణించుగాక’. బేరం ముగిస్తూ ‘బిఅతు’ (అమ్మాను) అనడం నిన్నటి అమ్మకపు కబురు కాదు. ఆ మాటతోనే అమ్మకం జరుగుతుంది. ఈ రూపానికి ముఖ్యం కాలం కాదు, పని పూర్తయినట్లు భావించడం.

ఇలాంటి చిక్కే తెలుగు ‘క్త్వార్థకం’లోనూ ఉంది. ఒకే కర్త చేసే రెండు పనుల్లో ముందుగా జరిగేదానికి పాణిని ‘క్త్వా’ ప్రత్యయాన్ని విధించాడు. అందులో కకారం వ్యాకర్త పెట్టుకున్న గుర్తు. ప్రయోగంలో మిగిలేది ‘త్వా’: కృత్వా, గత్వా. తెలుగులో ఆ ప్రత్యయం లేదు, దాని అర్థమిచ్చే ఇకారం ఉంది: చేసి, వెళ్ళి. అందుకే ఆ పేరు. 1858 నాటి బాలవ్యాకరణంలో చిన్నయసూరి వాడిన పరిభాష ఇదే.

బడి వ్యాకరణాలు దీన్ని ‘భూతకాలిక అసమాపక క్రియ’ అని వివరిస్తాయి. ‘రేపు వచ్చి చెబుతాను’ అన్న వాక్యం ముందు ఆ వివరణ నిలవదు; ఆ రాక ఇంకా జరగనే లేదు. చెప్పడానికి ముందు పూర్తి కావాలి, అంతే. పాణిని కోరింది కూడా ఈ పూర్వత్వాన్నే, భూతకాలాన్ని కాదు. ఇక ‘అతడు సౌదీ వచ్చి పదేళ్ళయింది’ అన్నప్పుడు వచ్చినది అతడు, అయినవి పదేళ్ళు. ఏకకర్తృక నియమమూ ఇక్కడ సడలింది. సంస్కృతం నుండి పేరు వచ్చింది కాని, తెలుగు ప్రయోగం ఆ పేరు గీసిన గిరిలో ఉండిపోలేదు.

పరభాషల మధ్య పెరిగే పిల్లలకు తెలుగు నేర్పేటప్పుడు ఈ తేడా పట్టించుకోవాలి. క్త్వార్థకం భూతకాలమని నేర్చిన పిల్లవాడికి ‘రేపు వచ్చి’ తప్పుగా తోస్తుంది. ‘తరువాతి క్రియకు ముందు పూర్తయ్యే పని’ అని చెబితే చాలు. పాత పేరూ నిలుస్తుంది, వాడుకా నిలుస్తుంది.